మెషిన్ రోజులు, గుడ్ల రోజులు

మే 5

షెడ్డు ఖాళీ అయింది. పొద్దుటి నుంచి ట్రాక్టరు తిరుగుతూనే ఉంది. గొయ్యి తీయించి పూడ్చి పైన సున్నం చల్లాం.

నిన్న మధ్యాహ్నం కరెంటు పోయింది. జనరేటరు స్టార్టు కాలేదు. హ్యాండిల్ తిప్పి తిప్పి బావకు భుజం పట్టేసింది. ఫ్యాన్లు ఆగిన కాసేపటికే కోళ్లు నోళ్లు తెరిచి, రెక్కలు ఒంటికి ఎడంగా పెట్టుకుని నిలబడ్డాయి. అక్క, నేను బిందెలతో నీళ్లు మోసి చల్లాం. ముందు పుంజులు పోయాయి. ఒళ్లు బరువు కదా. సాయంత్రం కరెంటు వచ్చేసరికి షెడ్డులో నిలబడి ఉన్నది ఒక్కటీ లేదు.

వచ్చిన కరెంటు కూడా బుద్ధిగా రాలేదు. ఓల్టేజి ఎక్కువై హేచరీ గదిలో కంప్యూటరు కాలిపోయింది.

అక్క ఏడవలేదు. ట్రాక్టరు వెనకాల ఈకలు ఊడ్చుకుంటూ నడిచింది.

మే 6

చల్లగదిలో గుడ్లున్నాయి. పోయిన వారం ఏరినవి, మూడు వందల పైచిలుకు. ఆ రకంలో మిగిలింది ఇవే.

నల్ల కాళ్లు, ఎర్ర మెడ. అక్క, బావ పెళ్లయిన కొత్తలో మొదలుపెట్టిన రకం. ఏటా మంచివి ఏరి, మిగతావి అమ్మి, అలా నిలబెట్టారు. ఎండకు తట్టుకుంటాయని చుట్టుపక్కల పేరు. ఆ మాట ఇవాళ ఎవరూ అనలేదు. మా దగ్గర పిల్లల్ని కొన్నవాళ్లు పెంచి కోసుకుంటారు, మళ్లీ మా దగ్గరికే వస్తారు. పుంజునీ పెట్టనీ జత కలిపి ఉంచింది అక్క ఒక్కతే.

చల్లగదిలో పెట్టిన గుడ్డు వారం, మహా అయితే పది రోజులు పనికొస్తుంది. ఆ తర్వాత పొయ్యి మీదికే.

గుడ్లు మీ దగ్గర పొదిగించండని అడగడానికి అక్క పెద్ద హేచరీ ఆయనకు ఫోన్ చేసింది. స్పీకర్లో పెట్టింది. అమ్మా, మీరు ఎండ అంటున్నారు, రేపు అది రోగమని తేలితే నా గది మొత్తం తగలబెట్టుకోవాలి, ఏమీ అనుకోవద్దు అన్నాడు. అక్క ఏమీ అనుకోనని చెప్పి పెట్టేసింది. పొదిగే కోడి ఎక్కడైనా దొరుకుతుందేమోనని బావ ఇల్లిల్లూ అడిగొచ్చాడు. అందరి దగ్గరా కంపెనీ తెల్లకోళ్లే. వాటికి గుడ్డు పెట్టి లేచిపోవడమే తెలుసు, మీద కూర్చోవడం తెలియదు.

ఇక గుడ్లు పొదిగే మా మెషినే. మనిషెత్తు చెక్క బీరువా లాంటిది, తలుపుకు గాజు ఉంటుంది. మా ఊరి మాస్టారొకాయన దాన్ని కట్టి, నడిపే ప్రోగ్రాం కూడా తనే రాశాడు. హీటరు ఎప్పుడు వెయ్యాలి, ట్రేలు ఎప్పుడు తిప్పాలి, ఏ రోజు తేమ పెంచాలి, అన్నీ అదే చూసుకుంటుంది. కంట్రోలు పెట్టె దాని మాట తప్ప ఇంకెవరి మాటా వినదు. మాస్టారు పోయి చాలాకాలమైంది. ప్రోగ్రాం ఉన్న కంప్యూటరు మొన్న పోయింది.

మే 7

కాలిన కంప్యూటరు పట్టుకుని, రిపేర్లు చేసే చిప్పు షాపుకు వెళ్లొచ్చాను. అతని అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. ఏ సామాను తీసుకెళ్లినా విప్పకుండానే చిప్పు పోయిందండీ అంటాడు. ఈసారి విప్పి చూసి, చిప్పే కాదమ్మా, చిప్పు తాలూకు చుట్టాలందరూ పోయారు అన్నాడు.

డిస్కు మాత్రం బతికింది. ప్రోగ్రాం బయటికి తీసి పెన్‌డ్రైవ్‌లో ఇచ్చాడు. నా లాప్‌టాప్‌లో పెట్టి నొక్కితే తెరుచుకోలేదు. ఇది మరీ తాతల కాలం నాటిదమ్మా, దీన్ని ఇప్పటి కంప్యూటర్లు గుమ్మం కూడా ఎక్కనివ్వవు అన్నాడు.

ఎమ్యులేటర్ పెడదామన్నాను.

కళ్లజోడు పైకి జరిపి నా వంక చూశాడు. నీక్కూడా ఉందా అమ్మా ఈ జబ్బు అన్నాడు.

ఉంది. అత్తవారింటి నుంచి వచ్చేసి అక్క దగ్గర చేరిన కొత్తలో అంటుకుంది. చిన్న మనిషి నేల తవ్వుకుంటూ పోతుంటాడు, పైనుంచి రాళ్లు పడకుండా చూసుకోవాలి. పాత గేమ్. ఇప్పటి కంప్యూటర్లో నడవదు. ఎమ్యులేటర్ అనేది కొత్త కంప్యూటర్లో పాత కంప్యూటరు వేషం వేస్తుంది. లోపలున్న గేమ్ తను పాత ఇంట్లోనే ఉన్నాననుకుని ఆడుతుంది. చిప్పుది ట్యాంకుల గేమ్ అట. ఎన్నో లెవెల్ అంటే ఎన్నో లెవెల్ అని కాసేపు ఒకరినొకరం అడిగాం. నా బట్టల నుంచి ఇంకా కోళ్ల వాసన వస్తోంది.

ఇంటికొచ్చి చెబితే బావ ఒప్పుకోలేదు. కంప్యూటరూ వద్దు కాకరకాయా వద్దు, హీటరు చేత్తో వేద్దాం, చేత్తో తీద్దాం, ట్రేలు చేత్తో తిప్పుదాం, ముగ్గురం వంతులు వేసుకుందాం అన్నాడు. ఇరవై ఒక్క రోజులు నిద్రలేకుండానా, ఎవరో ఒకరు కునుకు తీస్తే గుడ్లు ఉడికిపోతాయి అన్నాను. ప్రోగ్రాం కునుకు తీయదని కూడా అన్నాను.

అక్క నా వైపే మొగ్గింది.

మే 8

నడిచింది.

మొదట పరుగు పెట్టింది. లాప్‌టాప్ వేగానికి స్క్రీన్ మీద అక్షరాలు వచ్చినవి వచ్చినట్టే మాయమయ్యాయి. ఎమ్యులేటర్ స్పీడు తగ్గించుకుంటూ పోయాను. ఒకచోట సర్దుకుంది. నల్ల స్క్రీను, ఆకుపచ్చ అక్షరాలు, మాస్టారు పెట్టిన చదరపు గడులు. పాత కంప్యూటర్లో ఉన్నట్టే ఉంది. మిగతా సెట్టింగులన్నీ నా గేమ్ నుంచే కాపీ చేశాను. బాగా నడుస్తున్నదాన్ని కెలకడం దేనికని.

పెట్టె కేబులు లాప్‌టాప్‌కు దూరదు. మధ్యలో పెట్టే కన్వర్టరు చిప్పు ఇచ్చాడు. తగిలించగానే మెషిన్ లోపల టిక్కుమంది. హీటరు ఆన్ అయింది. కాసేపాగి మళ్లీ టిక్కు. ఆగింది.

బావ గుమ్మంలో నిలబడి వింటున్నాడు. ఇంజినీరు గారికి దండాలు అన్నాడు. ఎగతాళి సగమే.

మే 9

సాయంత్రం గుడ్లు పెట్టాం. అక్క రెండేసి గుడ్లు చేతిలోకి తీసుకుని, ఒకదానికొకటి మెల్లగా తట్టి, చెవి దగ్గర పెట్టుకుని విన్నది. బీటలుంటే చప్పుడు బోలుగా వస్తుంది. బాగున్నవి నా చేతికిచ్చింది. మొనలు కిందికి వచ్చేలా ట్రేలలో సర్దాను. మూడు ట్రేలు నిండాయి.

స్టార్ట్ నొక్కాను. రోజు 0 అని వచ్చింది. వేడి 37.6 డిగ్రీలు ఉండాలి. అరగంటలో వచ్చింది.

మే 10

కుర్చీలోంచి లేవలేదు. 37.4, 37.7, 37.5. టిక్కు, టిక్కు. గంటకోసారి మోటారు మూలిగి ట్రేలు ఆ పక్క నుంచి ఈ పక్కకు వాలుతున్నాయి.

మధ్యాహ్నం రెండుసార్లు నంబరు పోయి గీతలు వచ్చాయి. మళ్లీ వచ్చింది. కేబుల్ అయ్యుంటుంది.

మే 11

కన్వర్టరు గురించి నెట్‌లో వెతికాను. ఎక్కడో ఒకాయన ఇలాగే ఎమ్యులేటర్‌తో మగ్గం నడుపుతున్నాడట. ఇంకొకాయన బొమ్మ రైలు. వాళ్లకూ గీతలు వచ్చాయట. ఆ పేజీ లాప్‌టాప్‌లో ఒక పక్కన, ప్రోగ్రాం ఒక పక్కన పెట్టుకుని చదువుతూ కూర్చున్నాను. పదింటికి గదికి తాళం వేసుకుని పడుకున్నాను.

మే 12, ఉదయం

తలుపు తీసేసరికి స్క్రీన్ మీద 37.5 ఉంది. బాగుందనుకున్నాను. రీడింగు పేజీ చూద్దామని ప్రోగ్రాం మీద నొక్కానో లేదో, 34 అయింది. గంటలో మెల్లగా ఎక్కి మళ్లీ 37.6కు వచ్చింది.

చిప్పుకు ఫోన్ చేశాను. నాయిస్ అమ్మా నాయిస్, కేబులుకు అల్యూమినియం కాగితం చుట్టు అన్నాడు. చుట్టాను.

మే 13

మళ్లీ అంతే. రాగానే 37.6. నొక్కగానే 33.8.

మే 14

చిప్పు కొత్త కన్వర్టరు తెచ్చి తగిలించాడు. గీతలు పోయాయి. పడిపోవడం మాత్రం పోలేదు. నేను దూరంగా ఉన్నంతసేపూ నిలకడగా ఉంటుంది, దగ్గరికొచ్చి ముట్టుకుంటే చెడుతుంది. బావతో ఆ మాటే అన్నాను. నీ చేతిలోనే కరెంటుంది మరదలా, ఆ రోజు జనరేటరు మీద నీ చెయ్యేయించాల్సింది అన్నాడు.

నవ్వాను. అక్క కూడా నవ్వింది. షెడ్డు ఖాళీ అయ్యాక ఆమె నవ్వడం ఇదే మొదలు.

మే 15, ఉదయం

ఇవాళ నుంచి ముట్టుకోను. నా కెలుకుడు వల్లే నంబరు ఎగిరెగిరి పడుతోంది. నెట్ పేజీ చదివి అలాగే వదిలేశాను. దూరం నుంచి చూసి వెళ్లిపోతాను.

మే 15, సాయంత్రం

37.6. పొద్దుటి నుంచి ఒక్క పాయింటు కూడా కదల్లేదు. గది నిశ్శబ్దంగా ఉంది. అక్క టీ తెచ్చి గుమ్మంలోనే ఇచ్చింది. హమ్మయ్య.

మే 16

బావకు నడుము నొప్పి ఉంది. రోజూ పొద్దున్నే హేచరీ గదిలోకొచ్చి మెషిన్ తలుపుకు వీపు ఆనించి నిలబడతాడు. వెచ్చగా ఉంటుందని. నడుముకు కట్టే బెల్టు కన్నా ఇది నయం అంటాడు. ఈ వారం నా కెలుకుడుకు అడ్డమని రాలేదు. ఇవాళ వచ్చాడు. ఆనుకున్నాడు. అబ్బ, ఇవాళ భలే ఉందే అన్నాడు. ఇంకాసేపటికి వీపు తీసి, అరచెయ్యి పెట్టి చూశాడు. ఏంటిది అన్నాడు.

స్క్రీన్ మీద 37.6 ఉంది.

తలుపు తీశాడు. ముఖానికి కొట్టింది వేడి. మెషిన్ లోపల గాజు థర్మామీటరు ఒకటి ఉండేది, ఎప్పుడో పగిలింది. స్క్రీన్ ఉందిగా అని ఎవరం కొత్తది పెట్టలేదు. ఇంట్లో జ్వరం చూసేది పరుగెత్తి తెచ్చాను. అది చూస్తుండగానే 41 దాకా ఎక్కింది.

లాప్‌టాప్ దగ్గరికెళ్లి ప్రోగ్రాం మీద నొక్కాను. 40.9. వెంటనే టిక్కుమంది. హీటరు ఆగింది. మోటారు మూలిగింది. ట్రేలు కదిలాయి.

అక్క వచ్చి ట్రేల వంక చూసింది. నిన్న సాయంత్రం టీ ఇచ్చినప్పుడు కూడా ఇవి ఇటే వాలి ఉన్నాయి అంది.

చిప్పు బండి మీద వచ్చాడు. ఎమ్యులేటర్ సెట్టింగులు తెరిచాడు. ఆ పేజీ తెరుచుకోగానే నాకు తెలిసిపోయింది. అతను చెప్పేదాకా ఆగాను. వేరే విండో మీద నొక్కితే ఇది ఆగిపోయేలా పెట్టి ఉందమ్మా అన్నాడు. పాజ్.

నేనే పెట్టుకున్నాను, నా గేమ్‌కి. ఆట మధ్యలో అక్క పిలుస్తుంది. వేరే చోట ఒక్క నొక్కు నొక్కి లేచి వెళితే, తిరిగొచ్చేదాకా చిన్న మనిషి అలాగే నిలబడి ఉంటాడు, రాయి గాలిలో ఆగి ఉంటుంది. ఆ సెట్టింగులే మెషిన్‌కూ కాపీ చేశాను. నెట్ పేజీ చదువుతున్నంతసేపూ, పడుకున్నంతసేపూ ప్రోగ్రాం ఆగిపోయి ఉంది. ఆగినప్పుడు ఏ నంబరుంటే ఆ నంబరే స్క్రీన్ మీద నిలిచిపోయింది. ఆగినప్పుడు హీటరు ఆపి ఉంటే ఆపినట్టే, వేసి ఉంటే వేసినట్టే. మొన్నటిదాకా రాత్రిళ్లు చల్లబడ్డాయి. నిన్న పొద్దుటి నుంచి ఇవాళ పొద్దుటిదాకా కాలాయి.

నేను ముట్టుకుంటే చెడడం కాదు. నేను ముట్టుకున్నప్పుడే అది నిజం చెప్పింది.

ఇదంతా చిప్పు ముందే అక్కకూ బావకూ చెప్పాను. బావ బయటికెళ్లిపోయాడు. చిప్పు ఆ సెట్టింగు తీసేసి, టీ వద్దని, డబ్బులూ వద్దని, బండి స్టార్టు చేసుకున్నాడు.

మే 17

గదికి దుప్పట్లు కట్టి చీకటి చేసి, అక్క గుడ్లకు లైటు పెట్టి చూసింది. బతికినదానిలో ఎర్రటి నరాలు సాలీడు కాళ్లలా పరుచుకుని, మధ్యలో నలక కదులుతుంది. పోయినదానిలో నెత్తురు గుండ్రంగా గీతలా పెంకుకు అతుక్కుని ఉంటుంది.

ఒక్కో గుడ్డూ తీసి లైటు మీద పెట్టి తిప్పింది. పోయింది. పోయింది. పోయింది. ఇది ఉంది. పోయింది. నేను బకెట్లు పట్టుకున్నాను. రెండో ట్రే సగంలో ఉండగా పోయింది అనడం కూడా మానేసి ఊరికే చెయ్యి చాపింది.

నలభై మూడు మిగిలాయి. ట్రేలో ఒక మూల కూడా నిండలేదు. వాటిలో సగం అనుమానమే అంది.

మే 18

బావ ఇవాళ మాట్లాడాడు. ప్రోగ్రాం కునుకు తీయదన్నావుగా అన్నాడు. అంతే.

అక్క విన్నది. ఏమయ్యా, ఆ రోజు జనరేటరుకు ఆయిలు చూడాల్సింది ఎవరు అంది. ఆ తర్వాత ముగ్గురం మూడు చోట్ల కూర్చుని తిన్నాం.

మే 20

రోజుల లెక్క తప్పింది. గుడ్లకు ఇవాళ పదకొండో రోజు. ప్రోగ్రాం ఎనిమిదో రోజంటోంది. ఆగిపోయి ఉన్న కాలం దానికి లేదు. ఆ రాత్రుళ్లు జరిగాయని దానికెవరూ చెప్పలేదు.

లాప్‌టాప్‌లో తేదీ ముందుకు జరిపి చూశాను. పట్టించుకోలేదు. అది బయటి గడియారం చూడదు, తనలో తను లెక్కపెట్టుకుంటుంది. పనివాళ్లు రోజులు కెలక్కుండా మాస్టారు అలా కట్టుదిట్టం చేశాడని బావ చెప్పాడు. కెలికే చేతులంటే ఆయనకు భయం అన్నాడు. నా చేతుల వంక చూడకుండా అన్నాడు.

మే 21

నా గేమ్ తీసేశాను.

మే 24

కంపెనీ సూపర్‌వైజరు వచ్చాడు. తెల్ల బూట్లకు ప్లాస్టిక్ సంచులు తొడుక్కుని షెడ్డంతా తిరిగాడు. మంచి షెడ్డండీ, గాలి బాగా ఆడుతుంది అన్నాడు. బావ అతని ముఖం చూశాడు. ఏం లేదులెండి అని అతనే సర్దుకున్నాడు.

షెడ్డు కంపెనీకిస్తే పిల్లల్ని వాళ్లే తెస్తారు. మేతా వాళ్లదే, మందూ వాళ్లదే. పెరిగాక లారీ వచ్చి ఎక్కించుకుపోతుంది. మీరు తలుపు తీసి వెయ్యడమే మేడం, రిస్కు లేదు, తలనొప్పి లేదు అని అక్కకు చెప్పాడు. ఒకటే షరతు. కంపెనీ కోళ్లు ఉన్నచోట ఇంకో రకం కోడి ఒక్కటి కూడా ఉండకూడదు. రోగాలని.

అక్క నెలాఖరుదాకా ఆగమంది. నెలాఖరుకు ఏముందని అడిగాడు. మెషిన్‌లో గుడ్లున్నాయి అంది. ఎన్ని అన్నాడు. ఉన్నాయి అంది.

మే 25

అక్క మళ్లీ గుడ్లకు లైటు పెట్టి చూసింది. పంతొమ్మిది.

మే 27, మధ్యాహ్నం

గుడ్లకు పద్దెనిమిదో రోజు. ఇవాళ్టి నుంచి తిప్పడం ఆపాలి. తేమ పెంచాలి, వేడి కాస్త తగ్గించాలి. పిల్ల లోపల తల సర్దుకుని పెంకు పొడవడానికి తయారవుతుంది, ఇప్పుడు తిప్పితే తల ఎటు పెట్టాలో దానికి తెలియదు. ప్రోగ్రాం లెక్కలో ఇంకా పదిహేనో రోజు. గంట కొట్టినట్టు తిప్పుతూనే ఉంది.

చిప్పుకు ఫోన్ చేశాను. రోజు దాటించే కీ ఏదైనా ఉందేమో ప్రోగ్రాం విప్పి చూడాలమ్మా, రెండు మూడు రోజులు పడుతుంది అన్నాడు. రెండు మూడు రోజులు లేవన్నాను. నా దగ్గర ఉన్నది స్క్రూడ్రైవరే అమ్మా అన్నాడు.

కేబుల్ పీకేశాను. కంట్రోలు పెట్టె తప్పించి హీటరు వైరు తిన్నగా గోడ స్విచ్చికి కలిపాడు బావ. కొత్త గాజు థర్మామీటరు ట్రే మీద పెట్టాం. తడిగుడ్డలు లోపల వేలాడదీశాం. ఇక చేత్తోనే. ఒకరు చూసేటప్పుడు ఇద్దరు పడుకోవాలి. ఈ మాట బావ మొదటి రోజే అన్నాడు. మళ్లీ అంటాడేమోనని చూశాను. అనలేదు.

లాప్‌టాప్ బల్ల మీదే ఉంది. కేబుల్ లేదని ఒక మూల గీతలు వచ్చాయి. రోజుల లెక్క సాగుతోంది. ఆపడానికి కూడా దాన్ని ముట్టుకోబుద్ధి కాలేదు.

మే 29

అక్క ఒక గుడ్డు తీసి చెవి దగ్గర పెట్టుకుంది. నాకిచ్చింది. లోపల గీరుతోంది. ఒకసారి పలికింది కూడా. ఎంత దూరం నుంచో పిలిచినట్టుంది.

బావను పిలిచాను. పరుగెత్తుకొచ్చి విన్నాడు. ఇదుగో ఇది పుంజే, చూడు ఎలా కసురుకుంటోందో అన్నాడు.

మే 30, సాయంత్రం

తొమ్మిది గుడ్లకు పెంకు మీద నక్షత్రంలా బీట కనిపించింది. మధ్యాహ్నానికి మూడింటికి చిల్లులు పడ్డాయి. ఆ తర్వాత ముందుకు సాగలేదు. రోజులకు రోజులు ఒకే పక్కకు వాలి ఉన్నాయి కదా, పిల్ల పెంకుకు అంటుకుపోయింది. ముక్కు ఆడుతోంది, ఒళ్లు తిరగడం లేదు.

అక్కకు ఒక నియమం ఉంది. పెంకులోంచి పిల్లను తను ఎప్పుడూ తీయదు. వాటంతట అవి రాలేని పిల్లలను బయటికి లాగి రకాన్ని బలహీనం చేసుకోవడం దేనికి అంటుంది. ఒకసారి నేను జాలిపడి ఒకదాన్ని తీస్తే రెండు రోజులు నాతో మాట్లాడలేదు.

ఇవాళ అక్క గోరువెచ్చటి నీళ్లు పెట్టుకుని, మీసాలు కత్తిరించే చిన్న కత్తెర బావనడిగి తీసుకుని కూర్చుంది. బావ, నేను ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం. పెంకు గోటితో వలిచింది. పొర తడిపింది. మొదటిది బయటికొచ్చి, అరచేతిలో తల ఎత్తి, దించేసింది. రెండోదానికి బొడ్డు దగ్గర నెత్తురాగలేదు. మూడోది ముక్కు ఆడించడం మానేసింది. మానేశాక కూడా అక్క దాన్ని వలిచింది. పూర్తిగా, కాళ్లదాకా. కాళ్లు నల్లగా ఉన్నాయి.

చాల్లే అన్నాడు బావ. కత్తెర తీసుకున్నాడు.

మే 31

ఒకటి దానంతటదే వచ్చింది. మేమెవరం చూడలేదు. పొద్దున గాజులోంచి చూస్తే ట్రే మూల నిలబడి ఉంది. ఈకలు ఆరిపోయాయి.

మిగిలినవి సాయంత్రందాకా చూసి పగలగొట్టాం. ఏమీ లేదు.

పుంజో పెట్టో ఇప్పుడే తెలియదు. తెలిసి చేసేదేమీ లేదు. ఒకటి బతికితే రకం బతికినట్టు కాదు అంది అక్క. చెప్పాల్సిన అవసరం లేదు, అయినా అంది.

అట్టపెట్టెలో బల్బు కింద పెట్టాం. ఒకటే అరుపు. పక్కన ఒరుసుకోవడానికి ఇంకొకటి లేదుగా. బావ అద్దం తెచ్చి పెట్టాడు. అద్దంలో పిల్లను చూసి ఒక్క క్షణం ఆగింది. ముక్కుతో పొడిచి చూసి మళ్లీ మొదలుపెట్టింది. ఇది మీ అక్కలాంటిదే, మోసపోదు అన్నాడు బావ. ఎవరం నవ్వలేదు. అతను కూడా.

జూన్ 1

ట్రేలు మందు నీళ్లతో కడిగి ఎండకు పెట్టాం. మెషిన్ తలుపు తెరిచి పెట్టాం, ఆరుతుందని. లోపల ఖాళీగా చాలా పెద్దదిగా ఉంది.

సూపర్‌వైజరుకు అక్కే ఫోన్ చేసింది. రేపు సాయంత్రం పిల్లల లారీ వస్తుంది. నాలుగు వేలు, తెల్లవి. పెట్టెలో పిల్లను ఏం చేయాలని బావ అడిగాడు. చిప్పు షాపు మేడ మీద ఉంచుతాడట, అతన్ని నేనే అడిగాను. కోడిపిల్లల సంగతి నాకేం తెలుసమ్మా అన్నాడు, మళ్లీ తనే తీసుకురా అన్నాడు.

జూన్ 2, ఉదయం 7

హేచరీ గదిలోంచి కూతలు వినిపించాయి. సన్నగా, మూడేసి. ముగ్గురం వెళ్లాం.

కూస్తున్నది లాప్‌టాప్. రోజు 21. పిల్లలు తయారు, తలుపు తీయండి అని ఇంగ్లీషులో.

వంటింట్లో అట్టపెట్టెలోని పిల్ల అరుపు ఆపింది. విన్నది. తర్వాత బదులు పలికింది.

ఏ కీ నొక్కినా కూత ఆగుతుంది. అక్క ఉండనివ్వమంది.